చదవకుండా విడిచిన ఆరు వచనాలు

కృష్ణానగర్‌లో ఒక ఇరుకు గల్లీ. అద్దె భవనం మూడో అంతస్తు పైన రేకుల కప్పు వేసిన చిన్న హాలు. నెలలో మొదటి ఆదివారం అక్కడ ప్రభురాత్రి భోజనం జరుగుతుంది. వచ్చేవారిలో ఎక్కువమంది సినిమా పరిశ్రమలో తెర మీద పేరు పడని పనులు చేసేవారు. జూనియర్ ఆర్టిస్టులు, లైట్‌మెన్, ప్రొడక్షన్ బాయ్స్, సెట్లు వేసే వడ్రంగులు, రంగులు పూసేవారు. ప్రకాశం, గుంటూరు, ఖమ్మం, నల్లగొండ జిల్లాల మాలపల్లెల నుంచీ మాదిగపల్లెల నుంచీ వచ్చి ఇక్కడ అద్దె గదుల్లో ఉంటున్న కుటుంబాలు. పాస్టర్ గారు బైబిలు తెరిచి, కొరింథీయులకు పౌలు రాసిన మొదటి పత్రిక 11వ అధ్యాయం 23వ వచనం దగ్గర చదవడం మొదలుపెడతారు. పట్టుబడబోయే ముందు రాత్రి యేసు రొట్టెను చేతిలోకి తీసుకున్న సందర్భం అది. చదవడం అయ్యాక రొట్టె ముక్కలున్న పళ్లెం వరసల వెంట కదులుతుంది.

అక్కడికి వచ్చే ఒక డిగ్రీ విద్యార్థి నాకు తెలుసు. పళ్లెం తన చేతికి వచ్చినప్పుడు తల వంచుకుని పక్కవారికి అందించేస్తాడు. పక్కన కూర్చున్న తల్లి తీసుకుంటుంది, అతడు తీసుకోడు. విశ్వాసం లేక కాదు. బాప్తిస్మం పొందనివారికి ఆ సంఘంలో రొట్టె ఇవ్వరు. బాప్తిస్మం పొందితే అతడి చేతిలోని ఎస్సీ ధ్రువీకరణ పత్రం చెల్లకుండా పోతుంది. ఆ పత్రం మీదే అతడి ఫీజు రీయింబర్స్‌మెంటు, హాస్టల్ సీటు, రేపటి ఉద్యోగపు ఆశ నిలబడి ఉన్నాయి. చిటికెడంత రొట్టె ముక్కకు ఇంత వెల ఎవరు కట్టారన్న ప్రశ్న ఒకవైపు ప్రభుత్వం మీదికి, మరోవైపు చర్చి మీదికి వెళుతుంది. రెండోవైపు గురించి మనం తక్కువ మాట్లాడుతాం కనుక అక్కడి నుంచే మొదలుపెడతాను.

పాస్టర్ గారు 23వ వచనం దగ్గరే ఎందుకు మొదలుపెడతారు? ఇది ఆయన ఒక్కరి అలవాటు కాదు. తెలుగు నేల మీద చాలా ప్రొటెస్టెంటు సంఘాలలో సంస్కారం ముందు చదివేది ఇక్కడి నుంచే. కాథలిక్కులు ఈస్టరు ముందు వచ్చే పవిత్ర గురువారం నాడు చదివే పాఠం కూడా 23 నుంచి 26 వరకే. దానికి ముందున్న ఆరు వచనాలు, అంటే 17 నుంచి 22 దాకా, బల్ల దగ్గర వినిపించడం అరుదు. ఆ ఆరు వచనాలలో పౌలు కోపంగా ఉన్నాడు. మీరు కూడుకోవడం వల్ల మేలు కంటే కీడే ఎక్కువ జరుగుతోందని కొరింథు సంఘాన్ని మందలిస్తాడు. ఒకడు ఆకలితో ఉండగా మరొకడు తాగి మత్తుగా ఉన్నాడని, ఎవరి భోజనం వారు ముందే తినేస్తున్నారని, ఏమీ లేనివారిని సిగ్గుపరుస్తున్నారని నేరుగా ఆరోపిస్తాడు. మీరు తింటున్నది ప్రభువు భోజనమే కాదని తేల్చేస్తాడు.

ఈ పత్రిక సుమారు క్రీ.శ. 53-55 నాటిది. నాలుగు సువార్తలలో మొదటిదైన మార్కు సువార్తను పండితులు 70వ సంవత్సరం ప్రాంతానిదిగా లెక్కిస్తారు. కనుక క్రైస్తవుల పవిత్ర భోజనం గురించి మనకు దొరికే అత్యంత ప్రాచీనమైన రాత పౌలుదే. ఆ రాత ఒక తగాదా కాగితంలా పుట్టింది. పంక్తిలో జరిగిన అవమానం మీద వచ్చిన ఫిర్యాదుకు జవాబుగా ఆయన ఆ రాత్రి భోజనాన్ని గుర్తుచేస్తున్నాడు. రొట్టె, పాత్ర, ‘జ్ఞాపకం’ అనే మాటలన్నీ ఆ వ్యాజ్యంలో ఆయన చూపే సాక్ష్యాలు. మనం సాక్ష్యాన్ని కంఠస్థం చేసి, ఫిర్యాదును పక్కన పెట్టేశాం.

కొరింథు సంగతి కొంచెం తెలుసుకోవాలి. క్రీ.పూ. 44లో జూలియస్ సీజరు ఆ నగరాన్ని మళ్లీ నెలకొల్పినప్పుడు అక్కడ స్థిరపడినవారిలో విముక్తి పొందిన బానిసలు చాలామంది. రేవుల వల్ల డబ్బు వచ్చిన ఊరు అది. అప్పటికి చర్చి భవనాలు లేవు. కొంచెం పెద్ద ఇల్లున్న విశ్వాసి ఇంట్లోనే సంఘం కూడేది. రోమను సంపన్నుల ఇళ్లలో భోజనాల గదిలో ఒరిగి కూర్చుని తినడానికి సుమారు తొమ్మిదిమందికే చోటుండేది. మిగిలినవారు బయటి ముంగిలిలో సర్దుకోవాలి. తీరిక ఉన్నవారు ముందే వచ్చి లోపల కూర్చుంటే, యజమాని పని ముగించుకుని రావలసిన బానిస, కూలి, చేతిపనివాడు వచ్చేసరికి మిగిలేది ఏమీ ఉండదు. 1970లలో జర్మను పండితుడు గెర్డ్ థైసెన్ కొరింథు సంఘాన్ని వర్గాల దృష్టితో పరిశీలించి ఈ తగాదాకు మూలం సామాజిక అంతస్తులలో ఉందని వాదించాక, బైబిలు అధ్యయనంలో ఈ భాగాన్ని చదివే తీరే మారింది.

ప్లినీ అనే రోమను ప్రముఖుడు తాను వెళ్లిన ఒక విందు గురించి రాశాడు. ఆ ఇంటివాడు ద్రాక్షారసాన్ని మూడు రకాలుగా వడ్డించాడట: తనకూ తనతో సమానులకూ ఒకటి, తక్కువ స్థాయి స్నేహితులకు ఒకటి, విముక్త బానిసలకు మరొకటి. కృష్ణానగర్‌లో ఉండేవారికి ఇది వింతగా తోచదు. భోజన విరామంలో నటీనటులకు క్యారవాన్ లోపలికి వెళ్లే క్యారియర్ ఒకటి, సాంకేతిక నిపుణుల బల్ల మరొకటి, జూనియర్ ఆర్టిస్టులు పళ్లెం పట్టుకుని నిలబడే వరస ఇంకొకటి. ఒకే వంట, ఒకే సెట్ అని పైకి చెప్పుకున్నా కూరలు వేరు, చోటు వేరు, వేళ వేరు. తెలుగువారిలో చాలామందికి యేసు చివరి భోజనపు దృశ్యం మనసులో పడింది 1978లో వచ్చిన ‘కరుణామయుడు’ వంటి చిత్రాల వల్ల, లియొనార్డో గీసిన పొడవాటి బల్ల బొమ్మ నకళ్ల వల్ల. సువార్తల గ్రీకులో ఆ రాత్రి వాళ్లు కుర్చీల మీద కూర్చోలేదు, నేల వాలుగా ఒరిగి తిన్నారు. మన చాప భోజనానికి దగ్గరి పద్ధతి అది.

ఇప్పుడు ‘అయోగ్యంగా’ అన్న మాట దగ్గరికి వద్దాం. అయోగ్యంగా తినేవాడు తన మీదికి తానే శిక్ష తెచ్చుకుంటాడని 27 నుంచి 29 వరకూ ఉన్న వచనాలు హెచ్చరిస్తాయి. మన సంఘాలలో ఈ మాటను వినిపించినంతగా మరే మాటనూ వినిపించరు. భార్యాభర్తలు తగాదా పడితే బల్ల తీసుకోకూడదు. సారా తాగినవాడు తీసుకోకూడదు. సినిమాకు వెళ్లినవాడు తీసుకోకూడదని చెప్పిన సంఘాలు ఉన్నాయి, సినిమాయే కూడు పెట్టే ఈ పేటలో అది మరీ విడ్డూరం. పెద్దల మాట వినని యువతిని బల్ల నుంచి ఆపుతారు. కానీ ఆ ఆరు వచనాలతో కలిపి చదివితే పౌలు చెప్పే అయోగ్యత ఒక్కటే: పక్కవాడిని చిన్నబుచ్చుతూ తినడం. ‘శరీరాన్ని వివేచించడం’ అంటే రొట్టెలోని రహస్యాన్ని ధ్యానించడం మాత్రమే అనుకుంటాం. అంతకు ముందు అధ్యాయంలోనే ఆయన రొట్టె ఒక్కటే కనుక తినేవారంతా ఒకే శరీరమని రాశాడు. ఆ శరీరం పంక్తిలో కూర్చున్న మనుషులు. వాళ్లను గుర్తించకుండా తినడమే నేరం. అందుకే చివర ఆయన చెప్పే పరిష్కారం ఉపవాసమో పశ్చాత్తాపమో కాదు, ఒకరి కోసం ఒకరు ఆగండి అని.

అయితే పౌలును ఉన్నదానికంటే పెద్దవాడిని చేయనక్కరలేదు. ఆకలి వేస్తే ఇంట్లోనే తిని రమ్మని కూడా ఆయన అన్నాడు. అంటే ధనికుడి ఇంటి వంట గది జోలికి పోలేదు. బానిసత్వాన్ని రద్దు చేయమనలేదు. కూడిక వరకు సమానత్వం, గడప దాటాక ఎవరి స్థితి వారిది అనే సర్దుబాటు ఆయనలో ఉంది. తరువాతి చర్చి ఆ సర్దుబాటునే విస్తరించుకుంది. అయినా పంక్తిలో అవమానం జరిగితే ఆ పంక్తి దేవుడిదే కాదని చెప్పగలిగిన తెగువ ఎంత అరుదైనదో మన శాస్త్రాలూ మన పెళ్లి భోజనాలూ ఎరిగినవారికి వేరే చెప్పనవసరం లేదు.

ఇంకా వెనక్కి వెళితే ఈ భోజనపు వేరు నిర్గమకాండం 12వ అధ్యాయంలో ఉంది. ఈజిప్టులో ఇటుకలు చేసిన బానిసలు తప్పించుకుపోయే రాత్రి తిన్న తిండి అది. పిండి పులిసేందుకు వ్యవధి లేదు కనుక పొంగని రొట్టె, చేదు కూరలు, కాల్చిన గొర్రెపిల్ల మాంసం. నడుము కట్టుకుని, చెప్పులు తొడుక్కుని, కర్ర చేతబట్టి త్వరగా తినాలి. ఒక ఇంటికి గొర్రెపిల్ల ఎక్కువైతే పొరుగింటివారితో కలిసి పంచుకోవాలన్న నియమం కూడా అక్కడే ఉంది. ఆ పస్కా పండుగ వేళనే యేసు తన శిష్యులతో చివరిసారి తిన్నాడు. మార్కు, మత్తయి, లూకా అది పస్కా భోజనమే అంటారు, యోహాను దానిని ఒక రోజు ముందుకు జరుపుతాడు. యేసు చెప్పిన నిబంధన రక్తం అనే మాటకు నిర్గమకాండం 24లో మోషే చేసిన ఒడంబడికా, కొత్త నిబంధన అనే మాటకు యిర్మీయా 31వ అధ్యాయమూ నేపథ్యం. వెట్టి నుంచి బయటపడ్డ మనుషుల జ్ఞాపకం మీదే ఈ సంస్కారం నిలిచింది.

సువార్తలు ఆ రాత్రి గురించి చెప్పే మరో మూడు సంగతులు మనకు పనికొస్తాయి. మార్కు లెక్కలో పాత్ర ఒక్కటే, అందరూ దానిలోనే తాగారు. లూకా కథనంలో భోజనం కాగానే తమలో ఎవరు గొప్ప అని శిష్యులు తగువులాడుకున్నారు, తాను వడ్డించేవాడిగా ఉన్నానని యేసు జవాబిచ్చాడు. యోహాను రొట్టె సంగతే ఎత్తడు, దాని బదులు కాళ్లు కడిగిన సంగతి చెబుతాడు. ఆ కాలంలో అది బానిస చేసే పని. ఎంగిలి, సేవ, పాదం. ఈ మూడింటి చుట్టూనే కదా మన దేశంలో కులం తన గీతలు గీసింది.

గలతీయులకు రాసిన పత్రిక 2వ అధ్యాయంలో మరో పంక్తి తగాదా ఉంది. అంతియొకయలో పేతురు యూదులు కాని విశ్వాసులతో కలిసి తినేవాడు. యెరూషలేము నుంచి పెద్దమనుషులు రాగానే వెనక్కి తగ్గి వేరుగా కూర్చున్నాడు. మిగతా యూదులూ, చివరికి బర్నబా కూడా అదే దారి పట్టారు. పౌలు అందరి ముందే పేతురును నిలదీశాడు. యూదులకూ అన్యులకూ మధ్య ఉన్న తేడా మన వర్ణవ్యవస్థ వంటిదే అని చెప్పడం తొందరపాటు. కానీ ఊరి నుంచి బంధువులు వస్తున్నారని తెలిసి, నిన్నటి దాకా కలిసి తిన్న స్నేహితుడు ఇవాళ వేరే బల్ల దగ్గరికి జరగడం విశ్వవిద్యాలయ హాస్టళ్లలో చదివిన ఎవరికి తెలియదు?

రెండో శతాబ్దం మధ్యలో జస్టిన్ అనే రచయిత వర్ణించే నాటికి నిండు భోజనం పోయి ప్రార్థనతో కూడిన రొట్టె, పాత్ర మిగిలాయి. అప్పటికీ రాలేనివారి ఇళ్లకు పరిచారకులు రొట్టె తీసుకువెళ్లేవారు, అనాథలకూ వితంతువులకూ చందా పోగయ్యేది. తరువాత యూరపు శతాబ్దాల పాటు ఒకే విషయం మీద కొట్టుకుంది: రొట్టె ఏమవుతుంది అని. 1215 లాటరన్ మహాసభ దానికి పదార్థాంతరీకరణ అనే సిద్ధాంతాన్ని ఖరారు చేసింది. 1415లో కాన్‌స్టన్స్ సభ పాత్రను గురువులకే పరిమితం చేసి మామూలు విశ్వాసులకు రొట్టె చాలంది. 1529లో లూథరు, జ్వింగ్లీ ఇదే విషయం మీద విడిపోయారు. తినేవాడు ఏమవుతాడు, పక్కన ఎవరు కూర్చుంటారు అన్న కొరింథు ప్రశ్న ఈ వాదాల అడుగున పడిపోయింది. యూరపు క్రైస్తవం మన దేశానికి ఈ వాదాలతోనే వచ్చింది.

అప్పటికే తెలుగు నేలకు తనదైన పంక్తి చరిత్ర ఉంది. 12వ శతాబ్దపు పల్నాటిలో బ్రహ్మనాయుడు అన్ని కులాల వారినీ ఒకే చాప మీద కూర్చోబెట్టి తినిపించిన చాపకూడును, మాల సేనాని కన్నమదాసును మన జనం మరిచిపోలేదు. కారంపూడిలో ఏటా జరిగే పల్నాటి వీరుల ఉత్సవాలలో చాపకూడు ఇప్పటికీ ఉంది. ఒకే చాప మీద కూర్చోవడం యుద్ధానికి కారణమయ్యేంత పెద్ద విషయమని ఆ కథ చెబుతుంది. కానీ విదేశాల నుంచి వచ్చిన గురువులలో చాలామంది చాపను కాక గీతనే ఎంచుకున్నారు.

1606లో మదురై చేరిన రాబర్ట్ డి నొబిలి బ్రాహ్మణ సన్యాసి వేషంలో ఉండి పై కులాల మధ్య పనిచేశాడు. తరువాత ఆ మిషన్‌లో పై కులాలకు ఒక రకం గురువులు, కింది కులాలకు మరో రకం గురువులు ఏర్పడ్డారు. చావుబతుకుల్లో ఉన్న పరయల గుడిసెలోకి వెళ్లి సంస్కారం ఇవ్వడానికి గురువులు వెనకాడుతున్నారన్న ఫిర్యాదు రోముకు చేరింది. 1704లో పోపు ప్రతినిధి టూర్నన్ దాన్ని తప్పని ఆజ్ఞాపించాడు. 1744లో పోపు పద్నాలుగో బెనెడిక్టు ఆ వివాదాన్ని ముగించిన తీరు ఇంకా విచిత్రం. పరయల కోసం ప్రత్యేకంగా వేరే గురువులను నియమించుకోవచ్చన్న ఏర్పాటుకు ఆయన ఒప్పుకున్నాడు. క్రీస్తు శరీరం గుడిసెలోకి వెళ్లవచ్చు, కానీ దాన్ని మోసుకెళ్లే చేతులు వేరుగా ఉండాలి.

ప్రొటెస్టెంట్లలో పోరాటం మరింత బాహాటంగా జరిగింది. దక్షిణాది సంఘాలలో కులాల వారీగా వేరువేరుగా కూర్చోవడం, బల్ల దగ్గరికి ఒక కులం తరువాత మరో కులం రావడం చూసి, కలకత్తా బిషప్ డేనియల్ విల్సన్ 1833లో కులాన్ని వెంటనే, పూర్తిగా వదలాలని ఆదేశపత్రం పంపాడు. తంజావూరు, మద్రాసు సంఘాలలో అనేకమంది శూద్ర క్రైస్తవులు చర్చిని వదిలారు తప్ప వరసను వదలలేదు. 1850లో మద్రాసు మిషనరీల సమావేశం మరో అడుగు వేసి, కింది కులాల వారితో కలిసి తినడానికి నిరాకరించేవారిని సంఘంలో చేర్చుకోరాదని తీర్మానించింది. కొన్నిచోట్ల ‘ప్రేమవిందు’ పేరుతో కలిపి వడ్డించి పరీక్షించారు. లైప్జిగ్ లూథరన్ మిషన్ దీనిని వ్యతిరేకించింది. కులం మతవిషయం కాదు, సామాజిక మర్యాద అని వారి వాదన. ఆ వాదన ఇప్పటికీ బతికే ఉంది, ముఖ్యంగా పెళ్లి సంబంధాల దగ్గర.

తెలుగు జిల్లాలలో కథ మరోలా నడిచింది. 1867 జనవరి 1న ఎనిమిదిమందితో ఒంగోలు బాప్టిస్టు సంఘం ఏర్పడింది. జాన్ క్లౌ దగ్గరికి మొదట పై కులాల వారు చదువు కోసం ఆసక్తిగా వచ్చారు. యెర్రగుంట్ల పేరయ్య వంటి మాదిగలు బాప్తిస్మం పొందగానే, వాళ్లను చేర్చుకుంటే మేము రాము అని తప్పుకున్నారు. క్లౌ దంపతులు పేరయ్య జనాన్ని ఎంచుకున్నారు. ఆ నిర్ణయానికి తమకు ఆధారమైనదని వాళ్లు చెప్పుకున్నది కూడా కొరింథీయుల మొదటి పత్రికే. పిలుపు అందుకున్నవారిలో గొప్ప వంశాలవారు ఎక్కువమంది లేరని చెప్పే మొదటి అధ్యాయం అది. కొత్తగా చేరే మాదిగలకు పెట్టిన నియమాలు మూడు: ఆదివారం పనికి వెళ్లకూడదు, చచ్చిన గొడ్డు మాంసం తినకూడదు, విగ్రహాలకు మొక్కకూడదు. మొదటి రెండూ ఊరి ఆర్థిక వ్యవస్థను తాకాయి. గొడ్డు కళేబరం మోయడం, దాని మాంసమే కూలిగా పొందడం వెట్టిలో భాగం. 1876-78 కరువు తరువాత, 1878 జూలై 3న గుండ్లకమ్మ నదిలో ఒక్కరోజే 2,222 మంది బాప్తిస్మం పొందారు. చచ్చిన గొడ్డు మాంసం విడిచిన చేతికి ఒక పాత్ర అందింది. అదే పాత్రలో అమెరికా దొర కూడా తాగాడు. దాని అర్థం ఆ మనుషులకు ఏ వేదాంత గ్రంథమూ విప్పి చెప్పనక్కరలేదు.

అయితే ఆ దొరల ఇళ్లలో బల్ల సంగతి వేరు. 1910లో ఎడిన్‌బరోలో జరిగిన ప్రపంచ మిషనరీ సమావేశంలో, తరువాత దోర్నకల్ బిషప్ అయిన వి.ఎస్. అజరయ్య ఆ సంగతే ఎత్తాడు. భారతీయ సహచరులను భోజనానికి పిలవని మిషనరీల ముఖం మీదే, మీ దానాలూ త్యాగాలూ చాలు, మాకు స్నేహితులు కావాలి అన్న భావాన్ని చెప్పి వచ్చాడు.

ఒకే పాత్ర ఎక్కువ కాలం నిలవలేదు. 1890లలో అమెరికాలో సూక్ష్మజీవుల భయంతో ఒక్కొక్కరికి ఒక్కొక్క చిన్న గ్లాసు ఇచ్చే పద్ధతి మొదలైంది. అక్కడ అది ఆరోగ్యం కోసం వచ్చింది. ఇక్కడికి వచ్చాక అది ఎంగిలి భయానికి కూడా చక్కగా సరిపోయింది. టీ కొట్ల దగ్గర రెండు గ్లాసుల పద్ధతి మీద పోరాడిన పల్లెలలోనే, చర్చిలో ఎవరి గ్లాసు వారిది కావడాన్ని ఎవరూ ప్రశ్నించలేదు. కోవిడ్ తరువాత ప్రశ్నించే అవకాశమూ లేకుండా పోయింది. పరిశుభ్రతను నేను కాదనను. కానీ పాత్ర ఒక్కటిగా ఉన్నప్పుడు దాక్కోలేని కులం, గ్లాసులు నలభై అయినప్పుడు సుఖంగా దాక్కోగలదు.

గ్లాసుల కంటే పెద్ద విషయం బల్లలు రెండు కావడం. కోస్తా జిల్లాల్లో ఎన్నో ఊళ్లలో మాలపల్లెకు ఒక చర్చి, మాదిగపల్లెకు ఒక చర్చి. కాథలిక్ గ్రామాలలో రెడ్డి, కమ్మ విశ్వాసులకూ దళిత విశ్వాసులకూ మధ్య శ్మశానాల దాకా సాగే దూరాలు. హైదరాబాదు అగ్రపీఠాన్ని 2000లో మరంపూడి జోజి, తరువాత పూల ఆంథోనీ అధిష్ఠించారు. 2022లో ఆంథోనీ గారు కార్డినల్ అయ్యారు, ఆ స్థానం పొందిన మొదటి దళితుడూ మొదటి తెలుగువాడూ ఆయనే. ఇది సంతోషించదగినదే. సత్ప్రసాదాన్ని పైకెత్తే చేయి దళితుడిది కావడానికి ఇన్ని శతాబ్దాలు పట్టిందన్న సంగతి కూడా అందులోనే ఉంది. ఇక మాలమాదిగల మధ్య కలిసి తినే విషయంలో ఉన్న పాత ఎడబాటును అగ్రకులాల కుట్ర అనేసి మనం తప్పించుకోలేం. వర్గీకరణ వాదోపవాదాలలో కత్తులు దూసుకున్న ఇరుపక్షాల వారూ ఆదివారం చదివేది ఒకే అధ్యాయం, 23వ వచనం నుంచి.

కలిసి తింటే కులం పోతుందా అని అడిగేవారు ఉంటారు. పోదని అంబేడ్కర్ 1936లోనే ‘కుల నిర్మూలన’లో చెప్పాడు. సహపంక్తి భోజనాలు కులభావాన్ని చంపలేకపోయాయని, కులాంతర వివాహమే అసలు మందని ఆయన వాదన. మతం మారిన అంటరానివారి స్థితి గురించి రాసిన చోట చర్చిని కూడా ఆయన వదిలిపెట్టలేదు. ఆయన మాట నిజమే. కానీ 1927లో మహాడ్ చెరువు దగ్గరికి వేలమందిని నడిపించి దోసెడు నీళ్లు తాగించినది కూడా ఆయనే. 1985 జూలైలో కారంచేడులో మాదిగలు తాగే నీటి దగ్గర పశువుల కుడితి బకెట్ కడగవద్దని అడ్డుకుని బిందె ఎత్తిన స్త్రీ పేరు మున్నంగి సువార్త. ఆ మాటకు బదులుగా ఆరుగురిని చంపారు. నీరూ కూడూ చిన్న విషయాలే అయితే వాటి కోసం ఇంత నెత్తురు ఎందుకు పారుతుంది? కలిసి తినడం కులాన్ని చంపకపోవచ్చు. కలిసి తినమంటే ఎవరు లేచి వెళ్లిపోతారో మాత్రం చూపిస్తుంది. 1850 నాటి మిషనరీలకు ఆ మాత్రం తెలుసు.

ఇప్పుడు ఆ విద్యార్థి చేతిలోని పళ్లెం దగ్గరికి, ప్రభుత్వం దగ్గరికి రావచ్చు. 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు మూడో పేరా హిందువు కానివాడిని షెడ్యూల్డ్ కులంగా గుర్తించలేదు. 1956లో సిక్కులను, 1990లో బౌద్ధులను చేర్చారు. క్రైస్తవులూ ముస్లింలూ బయటే ఉన్నారు. 2007లో రంగనాథ్ మిశ్రా కమిషన్ ఆ పేరాను తొలగించాలని సిఫారసు చేసింది. 2022లో మళ్లీ బాలకృష్ణన్ కమిషన్ వేశారు. ఆంధ్రప్రదేశ్ శాసనసభ 2023లో దళిత క్రైస్తవులకు ఎస్సీ హోదా కోరుతూ తీర్మానం చేసింది. మన రెండు రాష్ట్రాలలోనూ వాళ్లకు దక్కుతున్నది బీసీ-సి కింద ఒక్క శాతం. 2024 నవంబరులో పుదుచ్చేరి మహిళ సెల్వరాణి కేసులో సుప్రీంకోర్టు ఎస్సీ పత్రాన్ని నిరాకరించినప్పుడు బాప్తిస్మం, చర్చికి వెళ్లడం సాక్ష్యాలుగా నిలిచాయి. 2025లో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు, మతం మారి పాస్టరుగా ఉన్న వ్యక్తికి అత్యాచారాల నిరోధక చట్టపు రక్షణ వర్తించదని చెప్పింది. కులం పేరుతో కొట్టేవాడు బాప్తిస్మ పత్రం అడిగి కొట్టడు. కోర్టు మాత్రం అడుగుతుంది.

ఈ చట్టపు చిక్కుముడిలో చర్చికి ఒక ముడి ఉంది. 1985లో సూసై కేసులో సుప్రీంకోర్టు ఏమందంటే, కులం వల్ల కలిగే వెనుకబాటు కొత్త మతంలోనూ అంతే తీవ్రతతో కొనసాగుతోందని నిరూపించాలి అంది. ఆ సూసై మద్రాసులో చెప్పులు కుట్టుకునే మనిషి. వృత్తిదారులకు ఉచితంగా ఇచ్చే చిన్న బంకు క్రైస్తవుడన్న కారణంతో అతడికి రాలేదు. అతడి బీదరికం, అతడి వృత్తి, వృత్తితో వచ్చే చూపు ఏదీ మారలేదు. కానీ చర్చి లోపలి కులాన్ని గురించిన ఆధారాలు కోర్టు ముందు లేవు. ఉండవలసినవి చర్చి దగ్గర. అక్కడేమో వేదిక మీద క్రీస్తులో కులం లేదని ప్రసంగం. ఢిల్లీలో ధర్నాకు వెళ్లినప్పుడు ‘మాలో కులం ఉంది’ అనాలి, ఆదివారం ‘లేదు’ అనాలి. ఈ రెండు నాలుకల మధ్య ఆ విద్యార్థి వంటివారి జీవితం నలుగుతోంది.

ఒప్పుకోవడానికి సంకోచం ఎందుకు? తమ సంఘంలో పంక్తిభేదం ఉందని ఒప్పుకోవడం క్రైస్తవానికి అవమానమైతే, ఆ అవమానాన్ని వాళ్ల పవిత్రగ్రంథమే మొదట రాసి పెట్టింది. యేసు చనిపోయి పాతికేళ్లు గడవకముందే ఆయన బల్ల దగ్గర ధనికుడు ముందు తిన్నాడు, బానిస ఆకలితో మిగిలాడు. దాన్ని దాచాలని పౌలు అనుకోలేదు, సంఘమంతా వినేలా చదివించాడు. మన చర్చిలు ఆ ధైర్యం చేస్తే ప్రతి డయోసిస్, ప్రతి ఫీల్డ్ అసోసియేషన్ తన పరిధిలో వేరు బల్లలు ఎన్ని, వేరు శ్మశానాలు ఎన్ని, కులాంతర వివాహం చేసుకున్నందుకు బల్ల ఆపిన సందర్భాలు ఎన్ని అని తానే లెక్క తీసి కమిషన్ ముందు పెట్టాలి. అది సూసై తీర్పు అడిగిన ఆధారమే. అంతకంటే ముందు, ఖర్చు లేని పని ఒకటుంది. మొదటి ఆదివారం నాడు 17వ వచనం దగ్గర చదవడం మొదలుపెట్టవచ్చు.

కృష్ణానగర్ హాలులో ఈ మాట నేను పాస్టర్ గారితో అన్నాను. ఆయన కాసేపు ఆ పేజీ చూసి, “ఇది చదివితే వచ్చేవాళ్లు నొచ్చుకుంటారండీ” అన్నారు. ఎవరు నొచ్చుకుంటారని అడిగితే జవాబు చెప్పలేదు. మెట్లు దిగుతుంటే ఆ విద్యార్థి ఖాళీ పళ్లెం, చిన్న గ్లాసులు కుళాయి దగ్గర కడుగుతూ కనిపించాడు. ఆ పని చేయడానికి అతడిని ఏ పత్రమూ అడగరు.